అబోక్ ఆపేసిన కథ కోసం పుప్పాలగూడకు

హైదరాబాదుకు కొందరు ఉద్యోగం కోసం పోతారు, కొందరు దవాఖాన కోసం పోతారు. నేను ఒక కథ చివర ఏమైందో తెలుసుకోవడానికి పోయాను. అదీ మన భాష కథ కాదు, మణిపురి కథ. చెప్పే మనిషి మణిపూర్‌లో చెరువు పక్కన ఒక ఊళ్ళో ఉంది. వినాల్సిన మనిషి హైటెక్ సిటీకి కొంచెం అవతల పుప్పాలగూడలో ఉంది. మధ్యలో నీకేం పని అని మా బడిలో సోషల్ సారు నవ్వాడు. ఆ నవ్వు నాకు గుర్తుంది. ఆయన కూడా చదవాలనే ఇది రాస్తున్నాను.

నాకేం పనో చెబుతాను. పదకొండేళ్ళ కింద మా నాయనమ్మ చెప్పిన కథ ఒకటి ఆమె మాటల్లోనే రాసి ఒక వారపత్రికకు పంపాను. అచ్చయింది. మా నాయనమ్మ కథలో చిన్నకోడలు ఇల్లు విడిచి వెళ్ళిపోతుంది, మళ్ళీ రాదు. అచ్చులో మాత్రం తిరిగొచ్చి అత్త కాళ్ళ మీద పడింది. "యాస తీసేశాం, ముగింపు బాగుచేశాం" అని ఒక కార్డు ముక్క కూడా వచ్చింది. నేను ఏడు ఉత్తరాలు రాశాను. ఒక్కదానికీ జవాబు లేదు. ఆ సంపాదకుడు ఇప్పుడు రిటైరయ్యాడట. నా కోపం కాలేదు.

సమ్మె రోజులు. తెలంగాణ వచ్చేదాకా బడి తాళం తీసేది లేదని మేమంతా బయట కూర్చున్నాం. అప్పుడు స్వరూప ఫోన్ చేసింది. నా దగ్గర పదో తరగతి చదివిన పిల్ల, నానక్‌రామ్‌గూడలో ఒక పెద్ద టవర్‌లో హౌస్‌కీపింగ్ సూపర్‌వైజర్.

"టీచర్, మా పక్క గదిల మణిపూర్ పిల్ల ఉంటది. వాళ్ళ నానమ్మ కతలు నెట్ల పెడ్తది. ఇప్పుడు ఒక కతకు చివర వేరేటోడెవడో రాస్తుండట. పొద్దటి సంది ఏడుస్తున్నది. మీ సంగతి యాదికొచ్చింది."

నేను సంచి సర్దుకున్నాను.

జనగామ: స్టెప్నీ మీద

శుక్రవారం. ఆర్టీసీ బస్సులు లేవు, ఆ రోజు రైలు రోకో. జీపు ఒక్కటే దిక్కు. అందరికంటే ముందు వచ్చింది నేను. డ్రైవర్ నన్ను వెనక స్టెప్నీ మీద కూర్చోబెట్టి, ముందు సీట్లో మోటార్ల షాపతన్ని కూర్చోబెట్టాడు.

"పెద్దమనుషులు ముందట కూసుంటరమ్మా."

నాకు యాభై నాలుగు. అతనికి ముప్పై కూడా ఉండవు. జీపు నంబరు రాసుకున్నాను. ఎప్పుడూ తీసుకునే దానికి రెండింతలు తీసుకుని కూడా స్టెప్నీయే. ఉప్పల్‌లో దిగేసరికి చీర మీద టైరు గుర్తులు అచ్చు పడ్డాయి. డ్యూటీ దిగి వచ్చాక స్వరూప చూసి "ఏంది టీచర్, బండి మీదకెల్లి పోయిందా?" అంది. నవ్వలేదని తర్వాత ఒట్టేసింది, కానీ నవ్వింది.

నానక్‌రామ్‌గూడ: కూడలిలో పొయ్యి

నేను చేరేసరికి స్వరూపకు ఇంకా డ్యూటీ అయిపోలేదు. టవర్ గేటు దగ్గర సెక్యూరిటీ అతను రిజిస్టరు ముందుకు తోశాడు. "పని ఏందో రాయాలె" అన్నాడు. నేను "కథ" అని రాశాను. అతను చదివి, నన్ను చూసి, "గిట్ల రాస్తే లోపలికి పోనియ్యరమ్మా" అన్నాడు. నేను ఇంకో మాట రాయనన్నాను. పావుగంట ఎండలో నిలబడ్డాను. చివరికి అతనే "వ్యక్తిగతం" అని రాసి పంపించాడు. అది నా మాట కాదని అతనికి చెప్పే లోపలికి వెళ్ళాను.

లోపల ఇడ్లీ నలభై రూపాయలు. రెండే. మా ఊళ్ళో పన్నెండుకు నాలుగు, చట్నీ అడిగినంత. తినకుండానే బయటికి వచ్చాను. మంచిదే అయింది. కూడలిలో వంటావార్పు నడుస్తోంది. రోడ్డు మధ్యలో మూడు రాళ్ళు, దాని మీద గంగాళమంత గిన్నె, చుట్టూ గులాబీ కండువాలు. అద్దాల టవర్ల మధ్యలో కట్టెల పొగ. కంపెనీ బస్సులు ఆగిపోయి ఉన్నాయి. మెడలో తాడూ బిళ్ళా వేసుకున్న పిల్లలు దిగి వరుసలో కూర్చుని విస్తళ్ళలో పప్పుచారు అన్నం తింటున్నారు.

నా పక్కన కూర్చున్న అబ్బాయిది కోస్తా మాట. "కొంచెం చారు వేయండి" అన్నాడు.

గరిటె పట్టుకున్న ఆమె ఆగింది. "ఏస్త గని, మా రాష్ట్రం ఇస్తవా మరి?"

"నా చేతిలో ఉంటే ఈ పాటికి ఇచ్చేద్దునండీ. చారు వేయండి ముందు."

అందరూ నవ్వారు. ఆమె రెండు గరిటెలు పోసింది. నాకు ఒక్కటే పోసింది. ఇది కూడా గుర్తుంది.

పుప్పాలగూడ: మూడో అంతస్తు

పొలాలు అమ్ముకున్న ఒక కుటుంబం ఆ డబ్బుతో కట్టిన ఇల్లు. కింద ఇంటామె యాదమ్మ, పైన మూడంతస్తుల నిండా కిరాయి గదులు. మూడో అంతస్తులో స్వరూప, ఆమె పక్క గదిలో మేమ్‌చా.

మేమ్‌చాకు ఇరవై ఆరు. గచ్చిబౌలిలో బ్యూటీ పార్లర్‌లో పనిచేస్తుంది. తెలుగు పార్లర్‌కొచ్చే ఆడవాళ్ళ దగ్గర నేర్చుకుంది. నన్ను చూడగానే లేచి నిలబడి "ఓజా" అంది. వాళ్ళ భాషలో టీచరును అట్లా పిలుస్తారట. ఆ రోజు నన్ను మర్యాదగా పిలిచిన మొదటి మనిషి ఆమె.

భోజనం పెట్టింది. ఉడికించిన ఆలుగడ్డ, బీన్సు, ఎండుమిరపకాయలు, పులియబెట్టిన చేప కలిపి దంచిన ముద్ద. ఎరోంబా అంటారు. వాసన తలుపు దగ్గరే ఎదురొచ్చింది. ఎండురొయ్యల పొడి తిని పెరిగిన నోరు నాది, నేను జంకలేదు. రెండో ముద్దకు కళ్ళలో నీళ్ళు తిరిగాయి. మా రోటి పచ్చడికి చెల్లెలు అనుకోవచ్చు, కానీ కోపిష్టి చెల్లెలు.

తింటూ తింటూ అసలు సంగతి అడిగాను.

వాళ్ళ నానమ్మను అబోక్ అంటుంది మేమ్‌చా. రాత్రి అన్నాలయ్యాక పొయ్యి చుట్టూ కూర్చోబెట్టి చెప్పే కథలను ఫుంగా వారి అంటారు, అంటే పొయ్యి దగ్గరి కథ. ఊళ్ళో ఇప్పుడు పొయ్యి దగ్గర కూర్చునే పిల్లలు లేరు. అందరూ ఢిల్లీ, బెంగళూరు, హైదరాబాదు. అందుకని ఊరిపిల్లలంతా నెట్‌లో ఒక గ్రూపు పెట్టుకున్నారు.

"రాసుకోవచ్చు కదా?" అన్నాను.

"ఏ అక్షరాల్లో ఓజా? మా అమ్మకు బెంగాలీ అక్షరాలే వచ్చు. మా తమ్ముడు బడిలో మా పాత లిపి నేర్చుకున్నాడు. అమ్మ రాస్తే తమ్ముడు చదవలేడు, తమ్ముడు రాస్తే అమ్మ చదవలేదు. నేను ఇంగ్లీష్ అక్షరాల్లో రాస్తా, అబోక్‌కు ఏదీ రాదు. గొంతు అయితే అందరికీ వస్తుంది."

అందుకని ఫోన్‌లో అబోక్ గొంతు రికార్డు చేసి, ఒక పొయ్యి ఫోటోకు ఆ గొంతు అతికించి, వీడియోలాగా గ్రూపులో పెట్టడం మొదలుపెట్టింది. అస్సాం నుంచి, త్రిపుర నుంచి, బంగ్లాదేశ్ నుంచి కూడా ఆ భాష మాట్లాడేవాళ్ళు వచ్చి చేరారు. బస్సులో చెవికి తీగ పెట్టుకుని వింటున్నారు. మన దగ్గర పగటిపూట కథ చెబితే దారిన పోయేవాళ్ళు దారి తప్పుతారని చెప్పేవాళ్ళు. వీళ్ళు దారిలోనే వింటున్నారు.

చిక్కు ఎక్కడొచ్చిందంటే, నెట్ నెమ్మది, పెద్ద ఫైలు పోదు. అందుకని మూడు నిమిషాల ముక్కలు చేశారు. ముక్క చిన్నది కావాలని అబోక్ ఆగిన చోటల్లా కోసేశారు. మధ్యలో పక్కనున్నవాళ్ళు "హోయ్" అనేది కూడా కోసేశారు. వాళ్ళింట్లో అబోక్ కథ చెబుతుంటే వినేవాళ్ళు హోయ్, హోయ్ అనాలి, మనం ఊఁ కొట్టినట్టు. ఒకరోజు బంధువు ఒకతను ఆ ముక్క తీసుకెళ్ళి అబోక్‌కు వినిపించాడు.

"అబోక్ ఏమందో తెలుసా? ఇందులో నేను ఎవరూ లేని ఇంట్లో మాట్లాడుతున్నాను, నేను చచ్చిపోయానా అంది. ఆ రోజు నుంచి చెప్పడం ఆపేసింది. సగం కథలో."

"నువ్వు చిన్నప్పుడు విన్నావు కదా, చివర తెలియదా?"

మేమ్‌చా తల దించుకుంది. "ప్రతిసారీ చివర రాకముందే నిద్రపోయేదాన్ని ఓజా. మా ఇంట్లో అందరూ అంతే."

గ్రూపులో వాళ్ళు చివర ఏమైంది, చివర ఏమైంది అని గొడవ. ఢిల్లీలో ఉండే రోమెన్ అనే అబ్బాయి తనే ఒక ముగింపు తయారుచేశాడు. అందరికీ నచ్చింది. ఆదివారం సాయంత్రం ఆరింటికి దాన్ని పెట్టి కథ ముగించేద్దామని గ్రూపు నడిపేవాళ్ళు నిర్ణయించారు. ఆలోగా అబోక్ గొంతుతోనే చివర పెడితే సరే. లేకపోతే ఆ కథ ఇక రోమెన్ చెప్పినట్టే ఉండిపోతుంది.

"ఇంకెవరికీ ఆ కథ రాదా?"

"అబోక్ ఒక్కతికే."

నేను చెయ్యి కడుక్కున్నాను. ఆదివారం అంటే రెండు రోజులు. ఒకసారి జరిగింది నాకు చాలు.

శనివారం: ఫోన్ పెట్టేసింది

వాళ్ళ దగ్గర ఆ రోజుల్లో హైవే దిగ్బంధం నడుస్తోంది. గ్యాసు లేదు, పెట్రోలు లేదు, కరెంటు రోజుకు కొన్ని గంటలే వస్తుంది. అబోక్ ఫోన్ పొద్దున ఛార్జ్ అయితేనే మాట్లాడుతుంది. మా సమ్మె చూసి మేమ్‌చా ఆశ్చర్యపోకపోవడానికి కారణం అప్పుడు తెలిసింది. "ఇక్కడ బంద్‌లో అన్నం పెడుతున్నారు ఓజా, మా దగ్గర అన్నమే బంద్" అంది.

తొమ్మిదింటికి ఫోన్ కలిసింది. స్పీకర్ పెట్టింది. నేను మేమ్‌చా చేత సూటిగా అడిగించాను. నేను టీచర్నని, ఇది ముఖ్యమైన విషయమని, చివర రెండు మాటల్లో చెప్పెయ్యమని.

అవతల నుంచి చిన్నగా, పదునుగా ఒక వాక్యం. ఫోన్ పెట్టేసింది.

"ఏమంది?"

మేమ్‌చా చెప్పడానికి ఇష్టపడలేదు. నేను వదల్లేదు.

"ఈమె ఎవరు, అంగట్లో చేప ధర అడిగినట్టు అడుగుతోంది అంది."

నా మొహం మీద ఫోన్ పెట్టేసినవాళ్ళు ఇప్పటికి నలుగురు. అబోక్ నాలుగోది. అయినా నేను తిరిగి జనగామ పోతానని అనలేదు. పోతానని స్వరూప అనుకుంది. "టీచర్, బండి మాట్లాడాల్నా?" అంది. "మాట్లాడు, సోమవారానికి" అన్నాను.

ఖాజాగూడ: రాళ్ళ మధ్య

మధ్యాహ్నం మేమ్‌చా నన్ను ఖాజాగూడ చెరువు దగ్గరికి తీసుకెళ్ళింది. షేర్ ఆటోలో ఎక్కగానే పక్కనున్నతను మేమ్‌చాను "నేపాలా, చైనానా?" అన్నాడు. "మణిపూర్, ఇండియా" అంది మేమ్‌చా, వెయ్యిసార్లు చెప్పిన గొంతుతో. "అది ఏడుంటది?" అన్నాడు. నేను అతన్ని దిగేదాకా భూగోళం అడిగాను. ఒక్క రాజధాని చెప్పలేకపోయాడు. తన స్టాపు కంటే ముందే దిగిపోయాడని నా అనుమానం.

"నేను ఇవి మనసులో పెట్టుకోను ఓజా" అంది మేమ్‌చా.

"నేను పెట్టుకుంటాను. నీవి కూడా పెట్టుకుంటాను" అన్నాను.

పెద్ద పెద్ద గుండ్రాళ్ళు, వాటి వెనకాల కొత్త అపార్ట్‌మెంట్లు, మధ్యలో చెరువు. నీళ్ళ మీద గుర్రపుడెక్క పచ్చగా పరుచుకుంది. దాన్ని చూపించి మేమ్‌చా కథ చెప్పింది.

"మా చెరువులో ఇట్లాగే గడ్డి తేలుతుంది. కానీ మందంగా ఉంటుంది, మనిషి నిలబడొచ్చు, గుడిసె కూడా వేసుకోవచ్చు. ఒక నేతపిల్ల రెల్లు కోయడానికి ఆ గడ్డి మీదికి పోయింది. మగ్గం కూడా తీసుకుపోయింది, ఖాళీ దొరికితే నేసుకోవచ్చని. గాలి వచ్చి గడ్డి తెగిపోయింది. ఆమెను చెరువు మధ్యలోకి తీసుకుపోయింది. రోజులు, రోజులు. చేపలు తింటుంది, రెల్లుతోనే గుడ్డ నేస్తుంది. ఒకరోజు గడ్డి అవతలి ఒడ్డుకు చేరింది. ఒడ్డున ముసలామె. దిగు, ఇక్కడ నీకు ఇల్లు ఉంది, అన్నం ఉంది, కానీ దిగితే ఎక్కడి నుంచి వచ్చావో మరిచిపోతావు, అంది. అక్కడ ఆపేసింది అబోక్."

"రోమెన్ ఏం రాశాడు?"

"పడవలో రాజకుమారుడు వస్తాడు. తీసుకుపోయి పెళ్ళి చేసుకుంటాడు. పాట కూడా పెట్టాడు."

నాకు మా నాయనమ్మ చిన్నకోడలు గుర్తొచ్చి ఒళ్ళు మండింది. రాయి మీద కూర్చుని మొక్కజొన్న కంకి ఒకటి తిన్నాను. పదిహేను రూపాయలు, మాడింది. మార్చి ఇవ్వమంటే మార్చలేదు.

ఆదివారం: యాదమ్మ ఫిర్యాదు

పొద్దున ఇంటామె యాదమ్మ మెట్లెక్కి వచ్చింది. చేతిలో గునుగుపూల కట్ట, మొహంలో యుద్ధం.

"ఏందే స్వరూపా, మీ టీచరట గదా? అక్కా, జర నువ్వైనా చెప్పు. ఈ పిల్ల గదిల చేపల కంపుకు కిందింటోళ్ళు పరేషాన్ అయితున్నరు. ఈ నెల చూస్త, ఇగ ఖాళీ చెయ్యమంట."

నాకు ఫిర్యాదు చేసే మనిషి మీద మొదటి నుంచీ గౌరవం. "కూసో అక్కా" అన్నాను. కూర్చుంది. చెప్పడం మొదలుపెట్టింది. నేను ఊఁ అన్నాను. చేపల వాసన నుంచి కిందింటివాళ్ళ కోడలికి వచ్చింది. ఊఁ. కోడలి నుంచి వాళ్ళ స్థలం గొడవకు. ఆహాఁ. అక్కడి నుంచి తన మామ జొన్నచేను అమ్మిన రోజుకు. ఇప్పుడు టవర్ నిలబడ్డచోట తన పెళ్ళప్పుడు మంచెకట్టి కాపలా ఉన్నారట, పిట్టలు కొట్టడానికి. ఊఁ, ఊఁ. "ఆ మంచె మీద కూసుంటే గోల్కొండ కొసదాకా కనబడుతుండె. ఇప్పుడు మా దర్వాజ ముందట మా ఇల్లే కనబడ్తలేదు" అని కొంగుతో కళ్ళు తుడుచుకుంది. లేచి, "నువ్వు మంచిగ మాట్లాడుతవు అక్కా" అని, వచ్చిన పని మరిచిపోయి దిగిపోయింది.

నేను మాట్లాడింది ఏమీ లేదు.

స్వరూప పడీ పడీ నవ్వుతోంది. "టీచర్, మీరు ఊఁ కొడ్తాంటే ఆమె ఆగుతనే లేదు."

మేమ్‌చా నవ్వలేదు. నన్నే చూస్తోంది. "ఓజా, అబోక్‌కు కూడా అట్లా అంటారా?"

"నాకు మీ భాష ముక్క రాదు."

"నేను అంటే అబోక్ ఒప్పుకోదు. నువ్వు నన్ను తొందరపెడుతున్నావు, నీ హోయ్‌లో నేను ఎప్పుడు అయిపోతానా అని ఉంది, అంటుంది. నిజమే. నేను రికార్డర్ వైపు చూస్తూ అంటాను. మీరు మనిషి వైపు చూస్తున్నారు."

నిన్న నా మీద ఫోన్ పెట్టేసిన మనిషి. పది సెకన్లు ఆలోచించాను. సరే అన్నాను.

తొమ్మిదిన్నరకు ఫోన్ కలిసింది. మేమ్‌చా స్పీకర్ పెట్టి, రికార్డర్ నొక్కింది. ఈసారి నేనేమీ అడిగించలేదు. ఇక్కడ ఒకామె కూర్చుని ఉంది, ఈ కథ ఎప్పుడూ వినలేదు, మేమ్‌చాను అంతే చెప్పమన్నాను. అవతల దగ్గు. ఏదో గొణుగుడు. తర్వాత గొంతు మారింది. కథ గొంతు ఏ భాషలోనైనా తెలిసిపోతుంది, కొంచెం కిందికి దిగి, నేల మీద కూర్చున్నట్టు ఉంటుంది.

మొదటి నుంచి మొదలుపెట్టింది. నేను ఊఁ అన్నాను.

ఒక్క మాట తెలియదు. కానీ ఎక్కడ ఆగుతుందో తెలుసు, ఎక్కడ ఊపిరి తీసుకుంటుందో తెలుసు, ఎక్కడ నన్ను పరీక్షిస్తుందో కూడా తెలుసు. మా నాయనమ్మ అంతే చేసేది. గొంతు పైకి లేస్తే అయ్యో అన్నాను. ఒకచోట ఆమె నవ్వింది, నేనూ నవ్వాను. మేమ్‌చా నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని కూర్చుంది. స్వరూప ఫ్యాను కూడా ఆపేసింది.

చివరికొచ్చేసరికి ఆమె గొంతు బాగా నెమ్మదించింది. నేను వింటూ ఉండిపోయాను, ఊఁ అనడం మరిచాను. వెంటనే ఆగిపోయింది. అవతల నుంచి ఒక చిన్న ప్రశ్న.

"ఉన్నావా అంటోంది" అంది మేమ్‌చా గుసగుసగా.

"ఉన్నాను" అన్నాను గట్టిగా. "ఊఁ. చెప్పు."

ఇంకో నాలుగు వాక్యాలు చెప్పింది. అయిపోయింది. మేమ్‌చా రికార్డర్ ఆపింది. తర్వాత తెలుగులో చెప్పింది.

ఆ పిల్ల దిగలేదు. మగ్గంలో పోగులు దగ్గరికి కొట్టే పొడుగాటి చెక్కబద్ద ఉంటుంది కదా, దాన్నే తెడ్డు చేసుకుని గడ్డిని వెనక్కి నడుపుకుంది. ఇంటికి వచ్చింది. ఇంట్లో ఎవరూ లేరు. పొయ్యి చల్లగా ఉంది. ముట్టించింది.

"అంతేనా?" అంది స్వరూప.

"అంతే" అన్నాం ఇద్దరం.

నెట్ సెంటర్: సగం షట్టర్

పందొమ్మిది నిమిషాల ఫైలు. పుప్పాలగూడలో కరెంటు పోయింది. మధ్యాహ్నం దాకా మేమ్‌చా డేటాకార్డుతో ప్రయత్నించాం, దానితో అయితే రేపటికి కూడా ఎక్కదు. నానక్‌రామ్‌గూడ రోడ్డు మీద ఒక నెట్ సెంటర్ ఉంది, బంద్ కాబట్టి షట్టర్ దించేశారు. నేను కొట్టాను. లోపల నుంచి "బంద్ ఉన్నది మేడం" అన్నారు. మళ్ళీ కొట్టాను. నేనూ సమ్మెలోనే ఉన్నానని, ఇరవై రోజులుగా బడికి పోలేదని, తెలంగాణ గురించి నాకు చెప్పొద్దని అరిచాను. లాభం లేదు.

బతుకమ్మ పువ్వుల కోసం వచ్చిన యాదమ్మ రోడ్డు అవతల నుంచి చూసింది. వచ్చి షట్టర్ మీద చేతితో ఒక్కటేసింది.

"ఒరే మల్లేశా, తియ్యి. నా కిరాయి పిల్ల. నీ ఇన్వర్టర్ చల్లగుండ, జర పని ఉన్నది."

షట్టర్ సగం లేచింది. మేము వంగి దూరాం. యాదమ్మ చేపల సంగతి ఎత్తలేదు. నేను గుర్తు చేయలేదు.

సాయంత్రం నాలుగు. ఫైలు ఎక్కడం మొదలైంది. స్క్రీన్ మీద పచ్చ గీత చీమలాగా పాకుతోంది. అయిదింటికి సగం కూడా కాలేదు. మల్లేశం చూసి చూసి, "ఖాళీ ఖాళీ జాగలు కోసేస్తే ఎంటనే పోతది మేడం. ఊఁ, ఊఁ అంటున్నరు చూడండి ఎవరో, అవన్ని తీసేస్తే ఆరింటికి అందుకుంటరు" అన్నాడు.

మేమ్‌చా నా వైపు చూసింది. ఆమె చెయ్యి మౌస్ మీద ఉంది. ఆరు గంటలకు రోమెన్ ముగింపు పడిపోతుంది. నాకు తెలుసు, ఆమెకూ తెలుసు.

"ఆలస్యమైనా సరే. ఒక్క ఊఁ కూడా తీయొద్దు" అన్నాను. "దాని కోసమే కదా ఆమె ఆపేసింది."

మేమ్‌చా మౌస్ వదిలేసి చేతులు ఒళ్ళో పెట్టుకుంది.

ఆరింటికి రోమెన్ ముగింపు వచ్చేసింది. రాజకుమారుడు, పడవ, పాట. కింద జనం మెచ్చుకోళ్ళు వరదలాగా. మాది ఆరూ ఇరవైకి ఎక్కింది. పొయ్యి ఫోటో ఒకటే. మొదటి వ్యాఖ్య మేమ్‌చా చదివి చెప్పింది: ఈ మధ్యలో మూలిగే ముసలామె ఎవరు, తీసెయ్యండి, అని. రెండోది: ఇంతేనా? పెళ్ళి ఏది? నా రక్తపోటు పెరిగింది. మేమ్‌చా టైపు చేసింది, తీయను, అబోక్ ఇట్లాగే చెప్పింది, అని.

యాభై రూపాయలు ఇవ్వబోతే మల్లేశం తీసుకోలేదు. అతన్ని మాత్రం నేను ఏమీ అనలేను.

సోమవారం పొద్దున

జీపు పది గంటలకు. మేమ్‌చా ఎనిమిదింటికే తలుపు కొట్టింది, ల్యాప్‌టాప్ చేతిలో పట్టుకుని. రాత్రంతా గ్రూపులో ఏదో జరిగింది. రోమెన్ ముగింపునే ఎక్కువమంది మెచ్చుకున్నారు, ఇప్పటికీ వాళ్ళే ఎక్కువ. ఆ మాట దాచను. కానీ మా పొయ్యి ఫోటో కింద, ఇంఫాల్ నుంచి ఎవరో ఒకామె ఏమీ రాయకుండా "హోయ్" అని ఒక్క మాట పెట్టింది. దాని కింద అస్సాం నుంచి ఒకతను, హోయ్. బంగ్లాదేశ్‌లోని సిల్హెట్ నుంచి, హోయ్. బెంగళూరు నుంచి ఇద్దరు. ఒకరి కింద ఒకరు, అబోక్ ఆగిన ప్రతిచోటా పలికినట్టు.

తొమ్మిదిన్నర దాటాక ఫోన్ కలిసింది. నెట్ అంటే ఏమిటో, గ్రూపు అంటే ఏమిటో అబోక్‌కు చెప్పడానికి మేమ్‌చా కష్టపడింది. చివరికి చాలామంది హోయ్ అన్నారు అని చెప్పింది. అబోక్ ఎంతమంది అని అడగలేదు. ఎవరెవరు అని అడిగింది.

మేమ్‌చా స్క్రీన్ చూసి ఒక్కో పేరు చదివింది, ఏ ఊరివాళ్ళో కూడా. ఒక్కో పేరుకు అవతల నుంచి అబోక్, హోయ్, అంది. ఇంకో పేరు. హోయ్. స్వరూప నీళ్ళ బిందె దించుకుని తలుపు దగ్గరే నిలబడిపోయింది. కింద జీపతను హారన్ కొడుతున్నాడు.

జాబితా అయిపోయింది. మేమ్‌చా ఫోన్ పెట్టబోయింది.

నాకు ఆ గ్రూపులో ఖాతా లేదు. నా పేరు అందులో ఉండదు. పందొమ్మిది నిమిషాలు ఊఁ కొట్టింది నేను.

"నా పేరు కూడా చదువు" అన్నాను.

మేమ్‌చా నవ్వి చదివింది. "సులోచన. జనగామ."

అబోక్ గొంతు సవరించుకుంది.

"హోయ్" అంది.

అడిగి అనిపించుకున్నానని నాకేం సిగ్గు లేదు. సంచి తీసుకుని మెట్లు దిగి, జీపులో ముందు సీట్లో కూర్చున్నాను.